చిన్నప్పటి దెబ్బలు, ఏస్ స్కోరు, స్క్రీనింగ్: తరచుగా అడిగే ప్రశ్నలు

నేను విజయవాడలో ఒక స్కూల్లో కౌన్సెలర్‌గా చేస్తున్నా, ఉండేది గుంటూరు, రోజూ బస్సులో వెళ్ళొస్తా. ఈ మధ్య ఏస్ టెస్ట్ అని పది ప్రశ్నల కాగితం ఒకటి ఫోన్లలో తిరుగుతుంది కదా, అది చేసుకుని చివర్లో వచ్చిన నంబర్ చూసి హడలిపోయి నాకు ఫోన్ చేసేవాళ్ళు ఎక్కువయ్యారు, ఒకళ్ళు ఏడుస్తా, ఒకళ్ళు మెల్లగా పక్కగదిలోకి వెళ్ళి, ఇంకొకళ్ళు మా ఫ్రెండ్ కోసం అడుగుతున్నా అని. అందరికీ చెప్పేది ఇంచుమించు ఒకటే కాబట్టి ఇక్కడ రాసిపెడుతున్నా. నేను డాక్టర్ని కాదు, మందుల సంగతి నన్ను అడగొద్దు. నా దగ్గరికి వచ్చినవాళ్ళ గురించి చెప్పే చోటల్లా వివరాలు మార్చేశా. చదువుతుంటే ఎక్కడైనా గుండె బరువెక్కితే ఆపేసి, కాసేపు బయట తిరిగొచ్చి తర్వాత చదవండి, తొందరేం లేదు.

అసలు ఏస్ అంటే ఏంటండీ?

అడ్వర్స్ చైల్డ్‌హుడ్ ఎక్స్‌పీరియన్సెస్ అనే మాటల్ని కుదించి ఏస్ అంటారు. పద్దెనిమిదేళ్ళు నిండేలోపు ఇంట్లో పిల్లకి ఎదురైన గట్టి దెబ్బలు అనుకోండి. మామూలు లిస్టులో పది ఉంటాయి: కొట్టడం, తిట్టి అవమానించి భయపెట్టడం, లైంగికంగా వేధించడం, తిండీ బట్టా చూసుకోకపోవడం, ప్రేమగా పట్టించుకునేవాళ్ళు లేకపోవడం, అమ్మని కొడుతుంటే చూడటం, ఇంట్లో తాగుడో డ్రగ్సో ఉండటం, ఇంట్లో ఎవరికైనా మానసిక జబ్బు ఉండటం లేదా ఆత్మహత్యకి ప్రయత్నించడం, అమ్మానాన్నలు విడిపోవడం, ఇంట్లోవాళ్ళు జైలుకెళ్ళడం. ఒక్కోదానికి అవునంటే ఒకటి, కాదంటే సున్నా, మొత్తం కూడితే వచ్చేదే స్కోరు. అంతే, అందులో ఇంకే లెక్కా లేదు, ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, కింద పనికొస్తది.

ఇది ఎవరు కనిపెట్టారు, నమ్మొచ్చా?

దీని మొదలు బరువు తగ్గించే క్లినిక్‌లో ఉంది. 1985 ప్రాంతంలో అమెరికాలో శాన్ డియాగోలో విన్సెంట్ ఫెలిట్టి అనే డాక్టర్ కైజర్ పర్మనెంటే అనే ఆరోగ్య సంస్థలో ఊబకాయం ప్రోగ్రామ్ నడిపేవాడు. ఆయనకి అర్థంకాని విషయం ఏంటంటే బాగా బరువు తగ్గుతున్నవాళ్ళే మధ్యలో మానేసి వెళ్ళిపోతున్నారు. ఎందుకో తెలుసుకుందామని ఒక్కొక్కళ్ళనీ కూర్చోబెట్టి అవే ప్రశ్నలు అడుగుతా వస్తే ఒకరోజు ఒకావిడ దగ్గర నోరు జారి, మగవాళ్ళతో మొదటిసారి ఎన్నేళ్ళప్పుడు అని అడగాల్సింది ఎంత బరువున్నప్పుడు అని అడిగేశాడు. ఆవిడ నలభై పౌన్లు అంది. అంటే పద్దెనిమిది కిలోలు. మా నాన్నతో అని చెప్పి ఏడ్చింది. అక్కడి నుంచి అందర్నీ చిన్నప్పటి సంగతులు అడగడం మొదలుపెడితే ఇలాంటివి ఒకదాని వెనక ఒకటి బయటికొచ్చాయి, కొందరికి ఆ ఒళ్ళు అనేది జబ్బు కాదు, ఎవరి కంటా పడకుండా వాళ్ళకి వాళ్ళు కట్టుకున్న గోడ.

తర్వాత అమెరికా ప్రభుత్వ సంస్థ సీడీసీలో పనిచేసే రాబర్ట్ ఆండా ఆయనతో కలిశాడు. 1995 నుంచి 1997 వరకు 17 వేల మందికి పైగా పెద్దవాళ్ళని అడిగారు, 1998లో మొదటి పేపర్ వచ్చింది. వాళ్ళెవరూ పేదరికంలో మగ్గినవాళ్ళు కాదు, ఎక్కువమంది తెల్లవాళ్ళు, కాలేజీ మొహం చూసినవాళ్ళు, ఇన్సూరెన్స్ ఉన్నవాళ్ళు. అయినా ముగ్గురిలో ఇంచుమించు ఇద్దరికి కనీసం ఒక్కటైనా ఉంది. కాబట్టి నమ్మొచ్చా అంటే నమ్మొచ్చు, కానీ ఆ స్టడీ దేనికి సమాధానం చెప్పిందో దానికే.

నాకు ఆరు వచ్చింది. నా జీవితం అయిపోయినట్టేనా?

లేదండీ. నాకు ఎక్కువగా వచ్చే ప్రశ్న ఇదే, అందుకే దీని దగ్గర కాస్త ఎక్కువసేపు ఉంటా.

ఆ స్టడీలో నాలుగు, అంతకన్నా ఎక్కువ స్కోరు ఉన్నవాళ్ళని సున్నా ఉన్నవాళ్ళతో పోల్చి చూస్తే తాగుడు, డ్రగ్స్, డిప్రెషన్, ఆత్మహత్యా ప్రయత్నం లాంటివి 4 నుంచి 12 రెట్లు ఎక్కువగా కనపడ్డాయి. స్కోరు పెరిగేకొద్దీ గుండె జబ్బు, ఊపిరితిత్తుల జబ్బు, లివర్ జబ్బు కూడా పెరుగుతా పోయాయి. ఇది నిజం. కానీ ఇది గుంపు గురించి చెప్పిన మాట. గుంటూరు మిర్చి యార్డుకి ఎప్పుడైనా వెళ్ళారా, అక్కడ టిక్కీలు, అంటే మిర్చి బస్తాలు, పేర్చి ఉంటాయి, చూసేవాళ్ళు చెయ్యిపెట్టి గుప్పెడు తీసి రంగు చూసి తుంచి చూసి లాట్ మొత్తానికి రేటు కడతారు, ఆ రేటు లాట్‌కి కరెక్టే, కానీ అందులోంచి ఒక్క కాయ తీసి ఇది ఎంత కారం చెప్పు అంటే రేటు చూసి ఎవరు చెప్తారు. మీ స్కోరు కూడా అంతే, మీలాంటి వెయ్యి మంది గురించి ఏదో చెప్పిద్ది, మీ గురించి చెప్పలేదు.

ఇది నా సొంత ఓదార్పు మాట కాదు. ఆ స్టడీ చేసిన రాబర్ట్ ఆండాయే 2020లో ఇంకొందరితో కలిసి రాశాడు, ఈ స్కోరు చాలా ముతక కొలత, దీన్ని పట్టుకుని ఒక్కో మనిషికి రిస్క్ ఇంత అని చెప్పొద్దు, వైద్యం నిర్ణయించొద్దు అని. 2021లో బ్రిటన్‌లోనూ న్యూజిలాండ్‌లోనూ పిల్లల్ని చిన్నప్పటి నుంచి ఏళ్ళ తరబడి గమనిస్తా వచ్చిన రెండు స్టడీలు తీసుకుని చూసినా అదే తేలింది, స్కోరు ఎక్కువున్న గుంపులో జబ్బులు ఎక్కువే, కానీ ఫలానా పిల్లకి జబ్బొస్తదా రాదా అని స్కోరుతో ముందే పట్టుకోవడం కుదరలేదు.

ఎందుకు కుదరదో ఆ లెక్క చూస్తేనే తెలుస్తది. ఏళ్ళ తరబడి రోజూ రాత్రి నరకం చూసిన పిల్లకీ ఒకటే, అమ్మానాన్నలు గొడవల్లేకుండా విడిపోయి ఇద్దరూ ప్రేమగా పెంచిన పిల్లకీ ఒకటే. మూడేళ్ళప్పుడు జరిగినా పదిహేడేళ్ళప్పుడు జరిగినా ఒకటే. ఆ టైంలో పక్కన అమ్మమ్మ ఉందా, ఒక టీచర్ ఉన్నారా అనేది లెక్కలోకే రాదు. నా స్కోరు నాలుగు, చెప్పడానికి నాకేం మొహమాటం లేదు. రాత్రి పదకొండున్నరకి ఫోన్లో చేసుకుని తెల్లారేదాకా పడుకోలేదు. అప్పుడు ఈ మాటలు నాకు ఎవరూ చెప్పలేదు.

ఎప్పుడో చిన్నప్పుడు జరిగినదానికీ ఇప్పుడు బీపీ షుగర్‌కీ ఏంటి సంబంధం?

మా నాన్న స్కూటర్ సంగతి చెప్తా. సందు మలుపులో ఇంజన్ చప్పుడు వినపడగానే నేను పుస్తకం మూసేసేదాన్ని. స్టాండ్ ఒకేసారి పడితే ఆ రోజు బానే ఉన్నట్టు, రెండుసార్లు జారి మూడోసారి పడితే తాగొచ్చినట్టు. నాకప్పుడు ఎనిమిదేళ్ళు, లెక్కలు రాకపోయినా ఈ లెక్క బాగా వచ్చు. ఆ స్టాండ్ చప్పుడుకి ముందు ఒక్క నిమిషం ఒంట్లో ఏం జరిగేదో ఇప్పుడు చదువుకున్నాక తెలిసింది: అడ్రినలిన్ పెరిగిద్ది, గుండె వేగంగా కొట్టుకుంటది, కార్టిసాల్ అనే హార్మోన్ విడుదలై రక్తంలో షుగర్ పెంచిద్ది, అరగడం నిదానిస్తది, ఒళ్ళంతా పరిగెత్తడానికో దాక్కోడానికో రెడీ అయిపోద్ది. కుక్క వెంటపడ్డప్పుడు ఇది మనల్ని కాపాడిద్ది, కుక్క వెళ్ళిపోతే ఒళ్ళు చల్లబడిద్ది. కానీ రోజూ సాయంత్రం కుక్క ఇంటికే వస్తుంటే, ఒళ్ళు చల్లబడే టైం ఎక్కడిది?

దీన్నే టాక్సిక్ స్ట్రెస్ అంటారు. ఎదిగే వయసులో అది ఏళ్ళ తరబడి నడిస్తే మెదడులో భయాన్ని పసిగట్టే భాగం అతిగా పనిచేస్తది, జ్ఞాపకాన్నీ నిదానంగా ఆలోచించడాన్నీ చూసుకునే భాగాల మీద దెబ్బ పడొచ్చు, రోగనిరోధక వ్యవస్థ కూడా గాడి తప్పి ఒంట్లో సన్నగా వాపు లాంటిది మిగిలిపోవచ్చు. ఇదొక దారి. రెండో దారి అలవాట్లు: ఆ టెన్షన్ తట్టుకోడానికి సిగరెట్, మందు, అతిగా తినడం, నిద్ర లేకపోవడం. రెండూ కలిసి నలభై యాభై ఏళ్ళకి డాక్టర్ దగ్గర తేలతాయి. అలాగని మీ షుగర్‌కి మీ నాన్నే కారణం అని నేననట్లేదు, వంశం, తిండి, కూర్చుని చేసే పని, అన్నీ ఉంటాయి.

మా కాలంలో అందరం బెత్తం దెబ్బలు తిన్నోళ్ళమే, మాకేం కాలేదుగా?

కానివాళ్ళు చాలామంది ఉన్నారు, సంతోషం. కానీ ఏం కాలేదు అనేవాళ్ళు మనకి కనపడతారు, అయినవాళ్ళు కనపడరు. 2007లో కేంద్ర మహిళా శిశు అభివృద్ధి శాఖ 13 రాష్ట్రాల్లో 12,447 మంది పిల్లల్ని అడిగి ఒక రిపోర్ట్ ఇచ్చింది, అందులో మన ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. ముగ్గురిలో ఇద్దరు పిల్లలు దెబ్బలు తిన్నామన్నారు, సగానికి పైగా పిల్లలు ఏదో ఒక రకం లైంగిక వేధింపు ఎదురైందన్నారు, ఎక్కువమంది ఎవరికీ చెప్పుకోలేదు. చేసినవాళ్ళలో సగం మంది పిల్లకి తెలిసినవాళ్ళు, నమ్మినవాళ్ళే. ఇక బెత్తం విషయానికొస్తే విద్యాహక్కు చట్టం, 2009, సెక్షన్ 17 ప్రకారం స్కూల్లో పిల్లల్ని కొట్టడం, మానసికంగా వేధించడం రెండూ నిషేధం. పేరెంట్సే వచ్చి నాలుగు తగిలించండి మేడమ్ అంటుంటారు, నేను ఒప్పుకోను.

ఆ పది ప్రశ్నలు మన పిల్లలకి సరిపోతాయా?

సగమే సరిపోతాయి. అవి ఇంటి లోపల జరిగేవే అడుగుతాయి. ఆరో క్లాసులో హాస్టల్లో పడేసి నెలకోసారి ఔటింగ్, వారం వారం ర్యాంకులు గోడకి అంటించడం, సెక్షన్ మార్చేస్తామని బెదిరింపులు, విజయవాడ గుంటూరు చుట్టుపక్కల ఎన్ని వేల మంది పిల్లలు ఇలా పెరుగుతున్నారో మీకు తెలియంది కాదు, దీనికి ఆ పదిలో గడి లేదు. కులం పేరు పెట్టి తిట్టించుకోవడానికీ గడి లేదు. చదువు మానిపించి పనిలో పెట్టడానికీ లేదు, పదహారేళ్ళకే పెళ్ళి చేసేయడానికీ లేదు. 2024 సెప్టెంబర్‌లో బుడమేరు పొంగి సింగ్‌నగర్ వైపు ఇళ్ళు రోజుల తరబడి నీళ్ళలో ఉన్నాయి కదా, ఆ తర్వాత చాన్నాళ్ళు మబ్బు పడితే చాలు బ్యాగు సర్దుకుని కిటికీ దగ్గర కూర్చునే పిల్లాడిని చూశా, వాడికి ఆ పది ప్రశ్నల ప్రకారం స్కోరు సున్నా.

ప్రపంచ ఆరోగ్య సంస్థ తయారుచేసిన ఏస్-ఐక్యూ అనే ప్రశ్నావళి కొంచెం నయం, అందులో తోటి పిల్లల వేధింపు, వీధిలో హింస, గొడవలు యుద్ధాల లాంటివి కూడా ఉన్నాయి, ఎన్నిసార్లు జరిగింది అని కూడా అడుగుతారు. అది పద్దెనిమిది దాటిన పెద్దవాళ్ళ కోసం. ఇక అమ్మానాన్నలు గల్ఫ్‌లోనో హైదరాబాద్‌లోనో ఉండి నాయనమ్మ దగ్గర పెరగడం ఏస్ అవుద్దా అని చాలామంది అడుగుతారు. నాయనమ్మ ఎలా చూసుకుందనే దాన్ని బట్టి ఉంటది.

స్క్రీనింగ్ ఎలా చేయాలి, ఎలా చేయకూడదు?

స్క్రీనింగ్ అంటే ఇలాంటి ప్రశ్నలు అడిగి ఎవరికి సాయం కావాలో చూడటం. ఎలా చేయకూడదో ముందు చెప్తా. తలనొప్పి ఎక్కువై ఒక ప్రైవేట్ క్లినిక్‌కి వెళ్ళా, తోడు మా అత్తయ్య వచ్చారు. రిసెప్షన్‌లో అమ్మాయి అట్టకి క్లిప్పు పెట్టిన కాగితం చేతికిచ్చింది, పెన్ను దారంతో కట్టేసి ఉంది, ఇవి నింపండి మేడమ్ టోకెన్ వచ్చేలోపు అంది. మొత్తం ఇంగ్లీషు. టీవీలో సీరియల్ గట్టిగా వస్తుంది, మా అత్తయ్య నా భుజం మీదుగా చూస్తా ఏం రాయమన్నారమ్మా అంటున్నారు. నేను అన్నిటికీ కాదు అని టిక్ పెట్టుకుంటా పోయి ఒక్కటి మాత్రం వదిలేశా. ఆ అమ్మాయి హాలంతా వినపడేటట్టు మేడమ్ మూడోది ఖాళీగా ఉంది అంది. మూడోది ఏం ప్రశ్నో తెలిసినవాళ్ళకి తెలుసు. కాదు అని కొట్టేసి ఇచ్చేశా. లోపల డాక్టర్ గారు ఆ కాగితం వైపు చూడను కూడా చూడలేదు.

అప్పుడు నాకు అర్థమైంది ఏంటంటే, సమాధానం విని ఏదో ఒకటి చేసే మనిషి లేనప్పుడు ఈ ప్రశ్న అడగనే కూడదు. ఊరికే ఫైల్లో పెట్టుకోడానికి మనిషి చేత ఆ మాటలు చెప్పించడం తప్పు. చేసేటట్టయితే ఒంటరిగా కూర్చోబెట్టి, పక్కన మొగుడూ అత్తగారూ ఎవరూ లేకుండా, తెలుగులో, ఎందుకు అడుగుతున్నామో ముందు చెప్పి, ఇష్టం లేకపోతే మానేయొచ్చని చెప్పి, ఈ కాగితం ఎవరు చూస్తారో ఎక్కడ పెడతారో చెప్పి అడగాలి. ఏది జరిగిందో టిక్ పెట్టక్కర్లేకుండా మొత్తం ఎన్ని అనే నంబర్ ఒక్కటి రాస్తే సరిపోయే ఫారాలు కూడా ఉన్నాయి, నాకు అవే నచ్చుతాయి. నంబర్ రాశాక అడగాల్సిన ప్రశ్న ఒకటుంది, వీటి ప్రభావం ఇప్పుడు మీ మీద ఉందనిపిస్తుందా అని. ఆ ఒక్క ప్రశ్న పది గడుల కన్నా ఎక్కువ చెప్పిద్ది.

మన దగ్గర గవర్నమెంట్ వాళ్ళు చేస్తారా?

ప్రతి పిల్లకీ చేసే పద్ధతి మన దగ్గర లేదు. కాలిఫోర్నియాలో 2020 జనవరి నుంచి ప్రభుత్వ ఇన్సూరెన్స్ ఉన్నవాళ్ళకి ఈ స్క్రీనింగ్ చేసినందుకు డాక్టర్‌కి 29 డాలర్లు ఇవ్వడం మొదలుపెట్టారు, దాని మీద వాళ్ళలోనే పెద్ద వాదన నడిచింది, మంచిదని కొందరు, వైద్యం ఏర్పాటు లేకుండా లెక్క తీసి ఏం లాభం అని కొందరు. నేను రెండోవాళ్ళ వైపే మొగ్గుతా. మన స్కూళ్ళకి రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం టీములు వస్తాయి, వాళ్ళు పుట్టుకతో లోపాలు, జబ్బులు, పోషకాల లోపం, ఎదుగుదల ఆలస్యం చూస్తారు. ఇంట్లో ఏం జరుగుతుందని అడగడం అందులో లేదు.

మరి మనసు డాక్టర్ కావాలంటే విజయవాడ జీజీహెచ్‌లోనూ, అంటే గవర్నమెంట్ పెద్దాసుపత్రిలోనూ, గుంటూరు జీజీహెచ్‌లోనూ సైకియాట్రీ ఓపీ ఉంది, రెండూ మెడికల్ కాలేజీ ఆసుపత్రులే. పొద్దున్నే వెళ్ళండి. ఇంట్లోంచి కదలలేని పరిస్థితి అయితే టెలీ మానస్ అనే ప్రభుత్వ హెల్ప్‌లైన్ నంబర్ 14416, ఫ్రీ, రాత్రిపగలూ ఎత్తుతారు, తెలుగులో మాట్లాడొచ్చు.

స్కూల్లో పిల్లల్ని నేరుగా అడగొచ్చా?

క్లాసు మొత్తానికి ఫారాలు పంచి నింపమనడం మాత్రం వద్దు, దయచేసి వద్దు. నేను మొదట్లో ఒక్కసారి చేశా ఆ తప్పు. ఎనిమిదో క్లాసు. ఒక పిల్ల అన్నిటికీ లేదు లేదు అని పెట్టింది, కానీ ఇంట్లో ఎవరైనా తాగుతారా అన్న చోట పెన్ను ఎంత గట్టిగా నొక్కిందంటే కాగితం చిరిగి కింద బల్ల మీద గీత పడింది. నేను చూశానని తెలిసి ఆ కాగితం ఎనిమిది మడతలు పెట్టి గుప్పెట్లో దాచుకుంది. పక్క బెంచీ పిల్లలు చూస్తున్నారు. ఆ పిల్ల తర్వాత రెండు నెలలు నా గది వైపు రాలేదు.

పద్ధతి ఏంటంటే పదకొండేళ్ళ వరకు పిల్లల గురించి పెంచేవాళ్ళని అడుగుతారు, పన్నెండు వస్తే పిల్లని కూడా విడిగా అడగొచ్చు. పెంచేవాళ్ళే కొడుతుంటే వాళ్ళేం రాస్తారు అని మీరడగొచ్చు, నిజమే, అందుకే ఫారం ఒక్కదాన్నే నమ్ముకోకూడదు, పిల్లని చూడాలి. స్కూలు టైంకి కడుపునొప్పి, పెద్దయ్యాక మళ్ళీ పక్క తడపడం, క్లాసులో నిద్ర, వెనక నుంచి ఎవరన్నా తాకితే ఉలిక్కిపడటం, ఉన్నట్టుండి మార్కులు పడిపోవడం, ఉన్నట్టుండి కోపం. ఇంకోటి అందరూ వదిలేసేది, మరీ బుద్ధిగా ఉండటం, ఒక్క తప్పు కూడా చేయకుండా అందరి మొహాలూ చూస్తా బతకడం. రాత్రంతా గొడవ వింటా పడుకున్న పిల్లకి పొద్దున మాథ్స్ ఎక్కకపోతే ధ్యాస లేదు అంటాం, ధ్యాస ఉంది, అది తలుపు వైపు ఉంది. అయితే ఇవన్నీ వేరే కారణాలకి కూడా వస్తాయి, రెండు చూసి ఇంట్లో కొడుతున్నారు అని తేల్చేయకండి.

పిల్ల ఏదైనా చెప్తే పోలీసులకి చెప్పాల్సిందేనా?

లైంగిక వేధింపు అయితే చెప్పాల్సిందే. పోక్సో చట్టం, 2012, సెక్షన్ 19 ప్రకారం పద్దెనిమిదేళ్ళ లోపు పిల్లకి అలాంటిది జరిగిందని తెలిసిన ఎవరైనా చెప్పాలి, టీచర్ అయినా డాక్టర్ అయినా పక్కింటావిడ అయినా, చెప్పకపోతే శిక్ష కూడా ఉంది. అందుకే నేను పిల్లకి ముందే చెప్తా, నువ్వు చెప్పేవి నా దగ్గరే ఉంటాయి, కానీ నీకు ప్రమాదం ఉందని తెలిస్తే మాత్రం నిన్ను కాపాడేవాళ్ళకి చెప్తా, నీకు చెప్పకుండా మాత్రం చెప్పను. అన్నీ రహస్యంగా ఉంచుతా అని మాటిచ్చి తర్వాత తప్పడం కన్నా ఘోరం ఇంకోటి లేదు.

స్టేషన్‌కి తీసుకెళ్ళాలంటే పరువు పోద్దని భయపడతారు. పిల్ల వాంగ్మూలం ఇంట్లోనో పిల్లకి ఇష్టమైన చోటో తీసుకోవాలి, వీలైనంతవరకు మహిళా ఎస్సై, అదీ యూనిఫాంలో కాకుండా, పిల్ల పేరు బయటికి రాకూడదు, ఇదంతా చట్టంలోనే ఉంది, అడిగి చేయించుకోండి. పిల్లలకి ఏ ప్రమాదం ఉన్నా 1098కి చేయొచ్చు. ఇప్పటికిప్పుడు ప్రాణం మీదకొస్తే 112.

సైకియాట్రీకి వెళ్తే పెళ్ళి సంబంధాలు చెడిపోవా?

మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం, 2017 ప్రకారం మీ వైద్యం వివరాలు రహస్యంగా ఉంచడం మీ హక్కు. చుట్టాల నోళ్ళు చట్టం ఆపలేదు, అది నాకూ తెలుసు. గుంటూరువాళ్ళు విజయవాడలో, విజయవాడవాళ్ళు గుంటూరులో చూపించుకుంటారు, గంట ప్రయాణమే కదా, తప్పేం లేదు, వెళ్ళడం ముఖ్యం.

తగ్గుద్దా ఇది?

జరిగింది చెరిగిపోదు, కానీ దాని పట్టు తగ్గుద్ది. ట్రామా, అంటే మనసుకి తగిలిన గాయం, దాని మీద పనిచేసే సీబీటీ, ఈఎండీఆర్ అనే మాటల వైద్యాలు ఉన్నాయి, ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడా 2013లో వీటిని సిఫారసు చేసింది. అవసరమైతే డిప్రెషన్‌కీ నిద్రకీ మందులు ఇస్తారు. సెషన్‌లో మొదటిరోజే అంతా కక్కేయమనే వాళ్ళ దగ్గర జాగ్రత్త, మంచివాళ్ళు ముందు మీ నిద్ర, మీ ఊపిరి, మీ ఇంటి భద్రత సంగతి చూసి ఆ తర్వాతే పాతదాంట్లోకి వెళ్తారు.

చిన్నప్పటి మంచి అనుభవాల మీద కూడా లెక్క తీశారు, దాన్ని ఫోన్లలో ఎవరూ పంపరు. అమెరికాలో విస్కాన్సిన్ రాష్ట్రం పెద్దవాళ్ళ మీద 2019లో వచ్చిన స్టడీ: ఇంట్లో మనసులో మాట చెప్పుకోగలిగారా, కష్టంలో ఇంట్లోవాళ్ళు నిలబడ్డారా, పండగలూ ఊరి సంబరాలూ ఇష్టంగా గడిచాయా, స్కూల్లో మనవాళ్ళు అనిపించిందా, ఫ్రెండ్స్ ఉన్నారా, అమ్మానాన్నలు కాక నిజంగా పట్టించుకున్న పెద్దవాళ్ళు కనీసం ఇద్దరున్నారా, ఇంట్లో సేఫ్‌గా అనిపించిందా, ఇలా ఏడు. వీటిలో ఆరో ఏడో ఉన్నవాళ్ళకి, రెండో అంతకన్నా తక్కువో ఉన్నవాళ్ళతో పోలిస్తే డిప్రెషన్ లాంటి బాధలు ఉండే అవకాశం 72 శాతం తక్కువ కనపడింది, ఏస్‌లు ఉన్నవాళ్ళలో కూడా ఈ మేలు నిలబడింది. నా నాలుగు పక్కన మా పెద్దమ్మ ఉంది. బ్రాడీపేటలో ఆవిడ ఇంట్లో శనాదివారాలు పడుకునేదాన్ని, ఏమీ అడిగేది కాదు, పెరుగన్నంలో మాగాయ వేసి పక్కన కూర్చునేది.

నేను నా పిల్లల్ని కొట్టా. ఇప్పుడేం చేయను?

ఈ ప్రశ్న అడిగారంటేనే మీరు ఆగారని. ముందు క్షమాపణ చెప్పండి, కానీ నువ్వు అలా చేశావు కాబట్టి కొట్టా అనే తోక లేకుండా. నిన్న నేను కొట్టడం తప్పు నాన్నా, నీ తప్పు కాదు, కోపం నాది, అని అంతే. పిల్లలు వెంటనే కరగరు, కొన్నాళ్ళు పరీక్షిస్తారు, పరీక్షించనివ్వండి. కోపం నెత్తికెక్కినప్పుడు గదిలోంచి మీరు బయటికెళ్ళండి, పిల్లని వెళ్ళగొట్టకండి. మిమ్మల్నీ అలాగే కొట్టి పెంచి ఉంటే ఆ సంగతి ఎవరితోనైనా మాట్లాడటం మీ పిల్లలకి కూడా మేలు. ఇంట్లో మీరే దెబ్బలు తింటుంటే మాత్రం 181 మహిళా హెల్ప్‌లైన్‌కి చేయండి, అమ్మ భద్రంగా లేని ఇంట్లో పిల్ల భద్రంగా ఉండదు.

ఇప్పుడు మా అమ్మానాన్నల్ని నిలదీయాలా?

మీ ఇష్టం. నిలదీయకుండా బాగైనవాళ్ళున్నారు, నిలదీసి తేలికపడ్డవాళ్ళున్నారు, నేనెప్పుడు కొట్టాన్రా అని వాళ్ళు ఒక్కమాటలో కొట్టిపారేస్తే ఆర్నెల్లు కోలుకోనివాళ్ళూ ఉన్నారు. వాళ్ళ సమాధానం మీద మీ కోలుకోవడం ఆధారపడేటట్టు ఉంటే కాస్త ఆగండి. నేను మా నాన్నని అడగలేదు, ఆయన పోయారు కూడా. క్షమించాలి అని మిమ్మల్ని ఎవరూ తొందరపెట్టకూడదు, నేను కూడా.

మీరిప్పుడు పిల్లల్ని ఏ ఫారంతో అడుగుతున్నారు?

ఏ ఫారంతోనూ కాదు. విడిగా వచ్చినప్పుడు ఒకటే అడుగుతా, స్కూల్ అయ్యాక ఏదైనా చెప్పుకోవాలనిపిస్తే ముందు ఎవరి దగ్గరికి వెళ్తావ్ అని. టక్కున పేరు చెప్తే కొంచెం ఊపిరి పీల్చుకుంటా, ఎవరూ లేరు అన్నా, పైకి చూసి ఆలోచిస్తా ఉన్నా మళ్ళీ వారం రమ్మంటా. కాగితం చింపిన ఆ పిల్ల రెండు నెలల తర్వాత తనే వచ్చింది, వాటర్ బాటిల్ మూత తిప్పుతా చాలాసేపు కూర్చుంది. అడిగా. మా సందు చివర ఇడ్లీ బండి మామ్మ అంది, నాన్న అరిచినప్పుడల్లా అక్కడికెళ్ళి చట్నీ గిన్నెలు కడుగుతా కూర్చుంటా మేడమ్ అంది. ఆ సాయంత్రం గుంటూరు బస్సు వదిలేసి ఆ బండి దగ్గరికి వెళ్ళా, రెండిడ్లీ తిని మామ్మకి నా నంబర్ రాసిచ్చా.